మెక్సికన్ కుడ్యచిత్రాల పని పద్ధతిని వివరించే పుస్తకం ఏది?

మెక్సికో కుడ్యచిత్రకారులు గోడను ఎలా సిద్ధం చేసుకున్నారో, రంగులను దేనితో కలిపారో వివరించే పుస్తకం కోసం గ్రంథాలయ కేటలాగుల్లోనూ, పాత పుస్తకాల దుకాణాల్లోనూ వెతికాను. దొరికినవన్నీ విప్లవానంతర రాజకీయాలకూ, చిత్రకారులు డియేగో రివేరా, ఫ్రీడా కాలోల జీవితానికీ పేజీలు వెచ్చించి, పని జరిగిన తీరును రెండు పేరాల్లో ముగించేస్తున్నాయి. బొమ్మలు కూడా గోడ మొత్తాన్ని అరచేయంత చేసి ముద్రించినవే కావడంతో కుంచె జాడ కనిపించదు. ఆ ఉద్యమంలో స్వయంగా గోడలు చిత్రించిన జాన్ షార్లో 1963లో వెలువరించిన చరిత్ర చాలా ఉపయోగపడింది, కానీ అది 1925 దగ్గర ఆగిపోతుంది.

నాకు కావలసింది ఆ తరువాతి కాలం. తడి సున్నం మీద రివేరా 1932-33లో డెట్రాయిట్‌లో వేసిన 27 ఫలకాలు, మెక్సికోలోని గ్వాడలహారా నగరంలో కబాన్యాస్ అనే పాత అనాథాశ్రమ భవనపు గోపురం లోపలి వంపు మీద ఒరోస్కో చిత్రించిన మంటల్లోని మనిషి, అన్నిటికన్నా ముఖ్యంగా 1932లో లాస్ ఏంజెలెస్‌లో సిమెంటు మీద స్ప్రే గన్‌తో పనిచేసిన సికేరోస్, ఆ తరువాత కార్లకు వేసే పైరాక్సిలిన్ రంగులతో చేసిన ప్రయోగాలు. స్పానిష్ నేను చదవలేను.

ఈ ముగ్గురి పని పద్ధతిని దగ్గరి నుంచి తీసిన ఫొటోలతో వివరించే ఇంగ్లీషు పుస్తకం, మీరు స్వయంగా చదివినది, ఏదైనా ఉంటే చెప్పగలరా?