స్క్రాచింగ్‌ను లోకానికి చేర్చింది బ్రాంక్స్ పార్టీలా, వీడియోలా?

సూదిమొన: పుట్టింది న్యూయార్క్‌లోని బ్రాంక్స్‌లోనే, దాంట్లో గొడవ లేదు. 1970ల మధ్యలో అమ్మ సౌండ్ తగ్గించమని కేకేస్తే గ్రాండ్ విజర్డ్ థియోడర్ అనే కుర్ర డీజే తిరుగుతున్న రికార్డును చేత్తో పట్టి ముందుకూ వెనక్కూ కదిపాడు. ఆ కదపడంలో వచ్చిన చప్పుడే స్క్రాచ్. కానీ ఊరు దాటించింది టీవీ. రాల్ఫ్ మెక్‌డేనియల్స్ ‘వీడియో మ్యూజిక్ బాక్స్’ న్యూయార్క్ పబ్లిక్ చానల్లో 1983లో మొదలైంది. 1984 గ్రామీ వేదిక మీద జాజ్ కళాకారుడు హెర్బీ హాంకాక్ ‘రాకిట్’ వాయిస్తుంటే పక్కన స్క్రాచ్ చేస్తున్న డీజే డి.ఎస్.టి. చేతులు దేశమంతా చూసింది.

పాతరికార్డు: “1970ల మధ్యలో” ఏమిటండీ? 1975 అంటారు, 1977 అంటారు. ఏదో ఒకటి తేల్చండి.

సూదిమొన: నా పాయింటుకు ఆ రెండేళ్లతో పనేముంది గారూ?

పాతరికార్డు: ఉంది. మూలం దగ్గర తేలిగ్గా దాటేసి టీవీ దగ్గర తేదీలతో సహా రాశారు.

బరాత్_బీట్: నేను క్రాబ్ అనే స్క్రాచ్ పద్ధతి నేర్చుకున్నది వీడియోలోనే అన్నా. బొటనవేలు ఫేడర్‌కి, అంటే మిక్సర్ మీద సౌండ్ తెరిచి మూసే మీటకి, ఒకవైపు ఆనించి, మిగతా నాలుగు వేళ్లను రెండోవైపు వరసగా జార్చాలి. ఆ వేగం చెవికి అందదు, కళ్లతో చూడాల్సిందే. 1990ల్లో శాన్‌ఫ్రాన్సిస్కో వైపు డీజే క్యూబర్ట్ వాళ్ల వీడియో టేపులు చేతులు మారింది అందుకే. పోయిన సీజన్లో ఒక ఆర్గనైజరు “వీడియోలు చూసి నేర్చుకున్నోడికి ఇంతెందుకు” అని సగం డబ్బు కోశాడు. ఇక్కడా అదే మాటా?

పాతరికార్డు: నీ పేమెంటుకీ దీనికీ ఏం సంబంధం తమ్ముడూ?

బరాత్_బీట్: గురువు పక్కన నిలబడి నేర్చుకుంటేనే విద్య అంటున్నారుగా!

పాతరికార్డు: ఎక్కడన్నాను? చూపించు.

మిక్సర్_మల్లి: వాయిస్ తగ్గించండి ఇద్దరూ.

పాతరికార్డు: సరే, అసలు బాధ చెప్తాను. అడుగున ఫెల్ట్ పరిచి పళ్లెం తిరుగుతుండగానే రికార్డును చేత్తో పట్టడం, క్రేయాన్‌తో గుర్తు గీసి బీట్ ఉన్నచోటికి తిప్పడం, ఇవన్నీ గ్రాండ్‌మాస్టర్ ఫ్లాష్ లాంటి నల్లజాతి కుర్రాళ్లు పేద వీధుల్లో కనిపెట్టారు. కెమెరా వచ్చాక కెమెరాలో ఉన్నవాళ్లే చరిత్ర అయిపోతున్నారు. నా కోపం వీడియో మీద కాదు, ఆ వరస మీద.

బరాత్_బీట్: ఈ మాట మొదటే అంటే ఇంత టెన్షన్ ఉండేది కాదు. వాళ్ల పేర్లు ముందు చెప్పడానికి నాకేం అభ్యంతరం లేదు. కానీ టేపు చూసి నేర్చిన చెయ్యి తక్కువది అంటే మాత్రం ఒప్పుకోను.

సూదిమొన: నేనూ ఒప్పుకోను.

పాతరికార్డు: తక్కువది అనలేదు. తర్వాతది అన్నాను.