ఆక్స్‌ఫర్డ్ నడక: గైడ్‌కు డబ్బు పెట్టాలా, సొంతంగా తిరగాలా?

సున్నపురాయి:
వేసవిలో పిల్లల దగ్గరికి ఇంగ్లండ్ వచ్చే మనవాళ్లు చాలామంది ఒకరోజు ఆక్స్‌ఫర్డ్ చూసి వెళ్తారు. లండన్ పాడింగ్టన్ నుంచి రైల్లో గంట ప్రయాణం. ఊళ్లోకి రాగానే బ్రాడ్ స్ట్రీట్‌లో గొడుగులూ బోర్డులూ పట్టుకుని గైడ్‌లు కనిపిస్తారు. కొందరివి ముందే టికెట్ కొనే నడకలు, కొందరివి చివర్లో తోచినంత ఇచ్చేవి. నా అభిప్రాయం సూటిగా చెప్తాను: రెండూ అక్కర్లేదు.

ఊరు చిన్నది. స్టేషన్ నుంచి కార్‌ఫాక్స్ కూడలికి పావుగంట, అక్కడి నుంచి హై స్ట్రీట్ వెంట మాడ్లెన్ వంతెనకు ఇంకో పావుగంట. చూడాల్సినవన్నీ ఈ దారికి అటూ ఇటూనే ఉన్నాయి. బ్రాడ్ స్ట్రీట్‌లో మొదలుపెట్టి పట్టాలిచ్చే షెల్డోనియన్ మందిరం, బాడ్లియన్ గ్రంథాలయ ప్రాంగణం, దాని గుండ్రటి భవనం రాడ్‌క్లిఫ్ కామెరా, సెయింట్ మేరీ చర్చి, అక్కడి నుంచి మెర్టన్ స్ట్రీట్ మీదుగా క్రైస్ట్ చర్చ్ కాలేజీ. అంతే. కళలూ పురావస్తువులూ ఉన్న ఆష్మోలియన్ మ్యూజియం, బ్రాడ్ స్ట్రీట్‌లోని సైన్సు చరిత్ర మ్యూజియం రెండూ ఉచితం. 1931లో ఐన్‌స్టీన్ ఉపన్యాసమిస్తూ రాసిన నల్లబల్ల ఆ రెండో దాంట్లోనే ఉంది. గైడ్‌కిచ్చే డబ్బుతో ఒక కాలేజీ టికెట్ కొని లోపల గంటసేపు కూర్చోవడం నయం కదా? కాదనేవాళ్లు కారణాలతో చెప్పండి.

కృష్ణాతీరం:
కారణాలతోనే చెప్తాను. ఆక్స్‌ఫర్డ్‌కు క్యాంపస్ లేదు. మన విశ్వవిద్యాలయాల్లా ఒక గేటు, లోపల విభాగాలు అని ఊహించుకుని వెళ్తే అరగంటలో అయోమయం పడతారు. "యూనివర్సిటీ ఎక్కడ?" అనేది అక్కడ వచ్చినవాళ్లు తరచూ అడిగే ప్రశ్న. నలభైకి దగ్గరగా ఉన్న కాలేజీలు ఊరంతా పరుచుకున్నాయి. ప్రతిదానికీ సొంత ఆస్తి, సొంత గోడ, సొంత ద్వారం. వీధిలోంచి చూస్తే కనిపించేది ఆ గోడ ఒక్కటే.

ఆ గోడలు ఎందుకు అంత ఎత్తుగా కట్టారో తెలియకపోతే ఊరు అర్థం కాదు. కార్‌ఫాక్స్ దగ్గర స్విండిల్‌స్టాక్ అనే సారాయి దుకాణం ఉండేది. 1355 ఫిబ్రవరి 10న అక్కడ ద్రాక్షసారా బాగాలేదని విద్యార్థులకూ దుకాణదారుకూ మాటామాటా పెరిగింది. అది ఊరివాళ్లకూ చదువుకునేవాళ్లకూ యుద్ధమై, 63 మంది విద్యార్థులూ దాదాపు 30 మంది ఊరివాళ్లూ చనిపోయారు. రాజు విశ్వవిద్యాలయం పక్షాన నిలిచాడు. ఊరి మేయరు ఏటా ఆ రోజున చర్చిలో 63 పెన్నీలు చెల్లించి ప్రాయశ్చిత్తం చేసుకోవాలన్నారు, అది 1825 దాకా నడిచింది. ఇప్పుడు ఆ చోట మిగిలింది గోడమీద ఒక రాతిఫలకం. తెలియనివాళ్లు దాని కింద నిలబడి బస్సు కోసం చూస్తారు.

ఇంకొకటి. క్రైస్ట్ చర్చ్ టామ్ టవర్‌లోని పెద్దగంట రాత్రి 9:05కి 101 సార్లు మోగుతుంది. ఆ అయిదు నిమిషాలు ఏమిటి? ఆక్స్‌ఫర్డ్ గ్రీనిచ్‌కు పడమరగా సుమారు ఒకటింపావు డిగ్రీ దూరంలో ఉంది. డిగ్రీకి నాలుగు నిమిషాల లెక్కన, రైల్వేలు దేశమంతటికీ ఒకే టైము తేకముందు ఈ ఊరి తొమ్మిది గ్రీనిచ్‌లో తొమ్మిదీ అయిదు. కాలేజీ ఆ పాత లెక్కను వదల్లేదు. ఇదీ ఫోన్లో దొరుకుతుందనుకోండి. కానీ ఏం వెతకాలో తెలిస్తేగా వెతుకుతాం!

సున్నపురాయి:
మీ ఉదాహరణలు మంచివే. అయితే ఆ గొడుగుల కింద వినిపించేవన్నీ నిజాలు కావు, నా అభ్యంతరం అక్కడే ఉంది. న్యూ కాలేజీ భోజనశాల దూలాలకు పురుగు పడితే, 500 ఏళ్ల ముందే ఈ అవసరం కోసమని ఓక్ చెట్లు నాటి ఉంచారన్న కథ ఉంది. ఎంతో ముచ్చటగా ఉంటుంది. కానీ కాలేజీ 1379లో పుట్టింది, 1862లో పైకప్పు మార్చినప్పుడు కలప వచ్చిన అడవులు కాలేజీ చేతికొచ్చింది 1441లో. భోజనశాల కట్టిన తర్వాత చేతికొచ్చిన అడవిలో, అది కట్టేటప్పుడే దూలాల కోసం చెట్లెలా నాటతారు?

హెర్ట్‌ఫర్డ్ కాలేజీ వంతెనదీ ఇదే వరస. 'నిట్టూర్పుల వంతెన' అని పేరు పెట్టి వెనిస్‌లో అదే పేరున్న వంతెనకు నకలు అంటారు. రూపంలో అది వెనిస్‌లోనే ఉన్న రియాల్టో వంతెనకు దగ్గర. కట్టింది 1914లో. చుట్టూ అన్నీ పాతవే కాబట్టి అదీ వందల ఏళ్లదనే భ్రమతో జనం వెనుదిరుగుతారు.

అబద్ధానికి డబ్బివ్వడం నాకు నచ్చదు.

పటంబల్ల:
ఇద్దరిదీ సగం సరే. గైడ్ ఉండాలా వద్దా అన్నది కాదు అసలు ప్రశ్న, ఎలాంటి గైడ్ అన్నది. పరీక్ష రాసి, అర్హత బ్యాడ్జీ పొందిన గైడ్‌లు ఉంటారు. ఒక ఊరికో ప్రాంతానికో అర్హులైతే గ్రీన్ బ్యాడ్జీ, విశాల ప్రాంతమంతటికీ అయితే బ్లూ బ్యాడ్జీ. ఆ బ్యాడ్జీ మెడలో కనిపించాలి. అది లేనివాళ్లు పనికిరారని అనను. చదువుకుంటూ ఖర్చుల కోసం నడిపించే విద్యార్థుల్లో మంచివాళ్లుంటారు. కానీ దూలాల కథను ప్రశ్నించకుండా చెప్పేసే ప్రమాదం బ్యాడ్జీ ఉన్నవాళ్లతో తక్కువ.

టికెట్ కొనే ముందు రాతపూర్వకంగా అడగాల్సినవి మూడు. లోపలికి తీసుకెళ్లే కాలేజీ పేరు ఏమిటి, ఆ ప్రవేశ రుసుము టికెట్‌లో కలిసిందా? ఆ రోజు అది మూసి ఉంటే బదులు ఏం చూపిస్తారు? ఒక్కో గుంపులో ఎంతమంది? ఇరవై దాటితే వెనకున్నవాళ్లకు బ్రాడ్ స్ట్రీట్ రద్దీలో సగం మాటలే అందుతాయి. చెవిలో పెట్టుకునే రిసీవర్లు ఇస్తే పెద్ద గుంపైనా పర్వాలేదు.

ఎక్కువమంది దెబ్బతినేది రెండో ప్రశ్న దగ్గరే. ఏప్రిల్ చివర నుంచి జూన్ మధ్య దాకా పరీక్షల కాలం, చాలా కాలేజీలు సందర్శకులను ఆపేస్తాయి, లేదా వేళలు కుదిస్తాయి. మామూలు రోజుల్లో కూడా కొన్ని మధ్యాహ్నం రెండు తర్వాతే తెరుస్తాయి. క్రైస్ట్ చర్చ్ భోజనశాలలో విద్యార్థులు నిజంగానే తింటారు కాబట్టి మధ్యాహ్న భోజన వేళ బయటివాళ్లకు మూస్తారు. హ్యారీ పోటర్ సినిమాల్లోని మాయాబడి భోజనశాలకు స్ఫూర్తి అని దాన్ని చూడ్డానికే వచ్చే పిల్లలు పన్నెండున్నరకు గుమ్మం దగ్గర ఏడుస్తారు. పట్టాలిచ్చే శనివారాల్లో షెల్డోనియన్ మూత, పక్కనే బాడ్లియన్‌లోని పాత ఉపన్యాస మందిరం డివినిటీ స్కూల్ కూడా చాలావరకు అంతే. తేదీ ఖాయం చేసుకునే ముందు ఆయా కాలేజీల వెబ్‌సైట్లలో ఆ వారం వేళలు చూసుకోండి. ప్రతి కాలేజీదీ వేరే లెక్క, ఒకదాన్ని చూసి ఇంకోదాన్ని ఊహించకండి.

తోచినంత ఇచ్చే నడకల గురించి ఒక మాట. ఇవి ఉచితం కావు. చాలాచోట్ల వచ్చిన ప్రతి మనిషికీ గైడే కంపెనీకి కొంత కట్టాలి. మీరు ఏమీ ఇవ్వకపోతే ఆ రెండు గంటలకు నష్టపోయేది గైడ్. పైగా ఇవి కాలేజీ లోపలికి పోవు.

వేపచెట్టు:
మోకాళ్ల సంగతి ఎవరూ ఎత్తలేదు. అరవై దాటిన అమ్మానాన్నలను తీసుకెళ్లేవాళ్లకు అన్నిటికంటే ముఖ్యం అది. రెండు గంటల నడకలో నిజంగా నడిచేది రెండు కిలోమీటర్ల చుట్టుపక్కలే. మిగతాదంతా నిలబడడం! నడవగలిగినవాళ్లు కూడా ఒక్కోచోట పది నిమిషాలు నిలబడలేక నీరసపడతారు. మడిచే చిన్న కుర్చీ చేతికర్రలా ఉండేది దొరుకుతుంది, అది పట్టుకెళ్లండి. రాడ్‌క్లిఫ్ స్క్వేర్, మెర్టన్ స్ట్రీట్ రెండూ గుండ్రాళ్లు పరిచిన నేల. చక్రాల కుర్చీ గానీ పసిపిల్లల బండి గానీ గడగడలాడుతుంది, పలచటి అడుగుల చెప్పులతో పాదాలు నొప్పెడతాయి. క్వీన్స్ లేన్ ఇరుకు, మలుపులు ఎక్కువ, సైకిళ్లు చప్పుడు లేకుండా వచ్చేస్తాయి. గుంపుగా ఉన్నప్పుడు గోడవైపే నిలబడాలి.

సెయింట్ మేరీ గోపురానికి 127 మెట్లు, పైకి పోయేకొద్దీ ఇరుకు మెలికల మెట్లు, ఎదురొచ్చేవాళ్లకు ఒదగాలి. కార్‌ఫాక్స్ గోపురానికి 99. ఎక్కలేనివాళ్లు వెస్ట్‌గేట్ దుకాణాల సముదాయం పైకప్పు మీదికి లిఫ్టులో వెళ్లొచ్చు, డబ్బు అక్కర్లేదు. గోపురాలు బాగానే కనిపిస్తాయి, మరుగుదొడ్లూ అక్కడే. కార్‌ఫాక్స్ చుట్టూ 1,200 మీటర్లలో కొత్త కట్టడాలకు 18.2 మీటర్ల ఎత్తు పరిమితి పెట్టబట్టే ఆ గోపురాలు ఇంకా ఆకాశంలో కనిపిస్తున్నాయి.

ఇంకో ఇబ్బంది భాష. గైడ్‌లు వేగంగా, స్థానిక యాసతో మాట్లాడతారు. ఇంగ్లీషు చదవగలిగినా విని అందుకోవడం కష్టమైనవాళ్లకు గుంపు నడక దండగ. వాళ్లకు సున్నపురాయి గారి పద్ధతే మంచిది, పక్కన పిల్లలు తెలుగులో చెప్పుకుంటూ.

ఒకే ఒక్క గైడెడ్ టూరుకు డబ్బు పెట్టగలిగితే మాత్రం వీధి నడక వద్దు, బాడ్లియన్ గ్రంథాలయంవాళ్లు నడిపేది తీసుకోండి. 30, 60, 90 నిమిషాలవి ఉంటాయి. 30 నిమిషాలదాంట్లోనే డివినిటీ స్కూల్ రాతి పందిరీ, పైనున్న డ్యూక్ హంఫ్రీ పాత గ్రంథాలయమూ చూపిస్తారు. రాడ్‌క్లిఫ్ కామెరా లోపలికి పాఠకుల కార్డు లేనివాళ్లు వెళ్లే దారి 90 నిమిషాల టూరే. కొన్ని రోజులే, కొద్దిమందికే. ముందే కొనకపోతే దొరకదు.

ఓరుగల్లు:
పిల్లలు అక్కడే చదువుతున్నారని ధీమాగా వెళ్లేవాళ్లకు ఒక హెచ్చరిక. ఆక్స్‌ఫర్డ్ యూనివర్సిటీ విద్యార్థి కార్డుంటే చాలా కాలేజీల్లో విద్యార్థికీ, వెంట వచ్చే కొద్దిమందికీ టికెట్ అక్కర్లేదు. పాత విద్యార్థుల కార్డుకీ చాలాచోట్ల అంతే. కానీ ఆక్స్‌ఫర్డ్ బ్రూక్స్ వేరే విశ్వవిద్యాలయం, 1992లో ఆ హోదా వచ్చింది, హెడింగ్టన్ వైపు ఉంటుంది. ఆ కార్డు ఈ కాలేజీల గుమ్మాల్లో చెల్లదు. మన పిల్లలు అందులో చదివేవాళ్లూ ఉన్నారు కాబట్టి గేటు దగ్గర వాదన పెట్టుకోకుండా ముందే తెలుసుకోండి.

ఇక వాదన విషయానికి వస్తే, గైడ్ కావాలనే నేనంటాను, కానీ గైడ్‌ను అడిగి చెప్పించుకోవాలి. ఆల్ సోల్స్ కాలేజీ ముందు ఆగినప్పుడు జంట గోపురాల గురించీ, డిగ్రీ విద్యార్థులు లేని కాలేజీ అనీ చెప్పి ముందుకు వెళ్తారు. ఆంధ్ర విశ్వవిద్యాలయం వైస్ ఛాన్సలర్‌గా 1931 నుంచి 1936 దాకా ఉన్న సర్వేపల్లి రాధాకృష్ణన్ అక్కడి నుంచి నేరుగా వచ్చింది ఇక్కడికే. 1936 నుంచి 1952 దాకా ప్రాచ్య మతాలు, నీతిశాస్త్రాల స్పాల్డింగ్ ఆచార్యుడు, ఈ ఆల్ సోల్స్‌లో ఫెలో. వాల్తేరు నుంచి వెళ్లిన మనిషి ఆ గుమ్మంలోంచి నడిచారని తెలిసి నిలబడితే ఆ గోడ వేరేగా కనిపిస్తుంది.

అదే కాలేజీ గ్రంథాలయం క్రిస్టఫర్ కోడ్రింగ్టన్ సొమ్ముతో వచ్చింది, ఆ సొమ్ము బార్బడోస్‌లో బానిసలు చెరకు తోటల్లో చేసిన చాకిరీ. 2020లో కాలేజీ ఆ పేరు తీసేసింది, లోపలి విగ్రహం ఉంచింది. హై స్ట్రీట్‌లో ఓరియల్ కాలేజీ ముఖద్వారం పైన, ఆఫ్రికాలో బ్రిటిష్ సామ్రాజ్యాన్ని విస్తరించిన సెసిల్ రోడ్స్ విగ్రహం ఇంకా ఉంది. తీసేయమని ఉద్యమాలు జరిగాయి, 2021లో కాలేజీ తీయబోమని తేల్చింది. ఈ రెండూ చెప్పని గైడ్ నడకకు విలువ లేదని నా అభిప్రాయం. బ్రాడ్ స్ట్రీట్ చివర తలెత్తితే ఏనుగు బొమ్మ గాలిసూచిక కనబడుతుంది. అది పాత ఇండియన్ ఇన్‌స్టిట్యూట్. సంస్కృత ఆచార్యుడు మోనియర్ విలియమ్స్ పూనికతో, మన సంస్థానాధీశుల చందాలు కూడా కలిపి కట్టింది. గుంపులు దాని కిందే నిలబడి వీపు తిప్పి హెర్ట్‌ఫర్డ్ వంతెన ఫొటో తీసుకుంటాయి.

సున్నపురాయి:
ఓరుగల్లు గారూ, ఏనుగు సంగతికి సంతోషం. కానీ అది నా వాదనకే బలం. గైడ్‌లు చెప్పరని మీరే అన్నారు కదా, మనం తెలుసుకుని వెళ్తేనే కనిపించింది.

కృష్ణాతీరం:
మనం తెలుసుకుని వెళ్లలేనిది ఒకటుంది, రాయి. హెడింగ్టన్ గనుల మెత్తని సున్నపురాయితో కట్టిన గోడలు బొగ్గుపొగకు నల్లబడి పొరలు పొరలుగా ఊడిపోయాయి. అందుకే పాత కాలేజీల ముఖాలు చాలావాటిని ఇరవయ్యో శతాబ్దంలో క్లిప్‌షమ్ వంటి గట్టి రాయితో మళ్లీ తొడిగారు. షెల్డోనియన్ ముందున్న గడ్డాల తలలు కూడా 1970ల మొదట్లో చెక్కినవి. ఏది పాత ముఖం, ఏది కొత్త తొడుగు అన్నది ఒక మంచి గైడ్ వేలు పెట్టి చూపిస్తే తప్ప ఫోన్ చూపించలేదు. ఆ ఒక్క పదిహేను నిమిషాలకే డబ్బివ్వొచ్చు.

వేపచెట్టు:
డబ్బు ఇవ్వలేని రోజుకు ఇంకో దారి. విద్యాకాలంలో సాయంత్రం ఆరు ప్రాంతంలో క్రైస్ట్ చర్చ్, న్యూ కాలేజీ, మాడ్లెన్ ప్రార్థనామందిరాల్లో గాయకబృందం పాడే ఈవెన్‌సాంగ్‌కు ఎవరైనా ఉచితంగా వెళ్లొచ్చు. పావుగంట ముందే గుమ్మం దగ్గర ఉండాలి, ఫోన్ ఆపేయాలి, ముప్పావుగంట కదలకుండా కూర్చోవాలి. ప్రాంగణంలో తిరగనివ్వరు, ఫొటోలు కుదరవు. ప్రార్థన జరిగే చోటని గుర్తుంచుకుని వెళ్లేవాళ్లకే ఇది చెప్తున్నాను.

పటంబల్ల:
ఆ సాయంత్రం దారిలో చిన్న చేర్పు. వేళ ఉంటే ముందు బ్రాడ్ స్ట్రీట్‌లో బేలియల్ కాలేజీ ముందు రోడ్డు మధ్యకు చూడండి. నేలలో రాళ్లతో ఒక శిలువ గుర్తు ఉంటుంది. ప్రొటెస్టంట్ మతాచార్యులు లాటిమర్, రిడ్లీలను 1555లోనూ, క్రాన్మర్‌ను 1556లోనూ సజీవ దహనం చేసిన చోటుకు గుర్తు. పెద్ద స్మారకం మూల తిరిగాక సెయింట్ గైల్స్‌లో ఉంది కాబట్టి ఎక్కువమంది దాన్నే అసలు చోటనుకుంటారు. రోడ్డు మీద నిలబడేటప్పుడు సైకిళ్లు చూసుకోండి.