చిన్న హారర్ సినిమాలే చేస్తూ పోతే కెమెరామన్‌గా ఎదుగుతాడా?

బీసెంట్ రోడ్: మా పిన్ని కొడుకు విజయవాడలో పెళ్లి వీడియోలు తీస్తాడు. ఈ మధ్య రెండు చిన్న హారర్ సినిమాలకు కెమెరా చేశాడు. ఇప్పుడు మూడోది వచ్చింది, అదీ దెయ్యమే. హైదరాబాద్‌లో ఒక పెద్ద కెమెరామన్ దగ్గర అసిస్టెంట్‌గా కూడా రమ్మంటున్నారు. నేను అక్కడికే వెళ్లమంటున్నా. వాడు వినట్లేదు. మీరేమంటారు?

కొండవీటి బాటసారి: మీ తమ్ముడి మాటే కరెక్టండి. అమెరికాలో డీన్ కండీ 1978లో ‘హాలోవీన్’ అనే హారర్ సినిమాకి కెమెరా చేశాడు. బడ్జెట్ మూడు లక్షల డాలర్ల పైచిలుకు, అంతే. అదే మనిషి 1993లో ‘జురాసిక్ పార్క్’కి కెమెరామన్. మన సెంథిల్ కుమార్ ‘అరుంధతి’ చేయలేదా?

బ్రాడీపేట 4/14: ‘అరుంధతి’ చిన్న సినిమా ఎప్పుడయిందండీ? అప్పటికే ఆయన ‘సై’, ‘ఛత్రపతి’ చేసేశారు. ఇక కండీ సంగతి. ‘హాలోవీన్’ తర్వాత దర్శకుడు కార్పెంటర్ ‘ది ఫాగ్’కీ, ‘ది థింగ్’కీ ఆయన్నే పెట్టుకున్నాడు. కండీని నిలబెట్టింది దెయ్యం కాదు, ఆ దర్శకుడు. మీ తమ్ముడికి అలాంటివాడు దొరికాడా?

నేనూ రెండు హారర్ సినిమాలకు లైట్లు పట్టినవాణ్ణే. పాత బంగళా ఒకటి, ఆర్టిస్టులు ఐదుగురు ఉంటే చాలని నిర్మాత ఈ కథ ఎంచుకుంటాడు. జనరేటర్ దండగంటాడు, రెండు ఎల్ఈడీ ప్యానళ్లతో కానిచ్చేయమంటాడు. వెలుతురు చాలక ఐఎస్ఓ, అంటే కెమెరా కాంతిని పట్టే శక్తి, పెంచితే చీకట్లో చీమలు పాకినట్టు నాయిస్. అది దాచడానికి డీఐలో, అంటే చివర్లో రంగులు సరిచేసే చోట, అంతా నల్లగా నొక్కేస్తారు. చూసినవాళ్లేమో కెమెరామన్‌కి లైటింగ్ రాదంటారు.

కొండవీటి బాటసారి: అన్నా, ఆ రెండు ప్యానళ్లలో ఒకటి కిటికీ బయట పెట్టి, ముఖం ఒక పక్క చీకట్లో వదిలేస్తే సీను నిలబడుతుంది. అది ఎక్కడ పెట్టాలో నిర్ణయించేది తనే కదా. అసిస్టెంట్‌గా వెళితే మూడేళ్లు లెన్స్ బాక్సులు మోయాలి.

బ్రాడీపేట 4/14: మోస్తూ చూస్తే తప్పేంటి తమ్ముడూ? నాకా ఛాన్స్ రాలేదు.

బీసెంట్ రోడ్: ఇప్పుడే ఫోన్ చేశా. మూడోదానికీ రెండో సినిమా దర్శకుడేనట. మంచివాడట. నిర్మాత కూడా పాతాయనే, కానీ రెండోదానికి సగం డబ్బులే ఇచ్చాడట! ఇన్నాళ్లూ నాకు చెప్పలేదు, దొంగ సచ్చినోడు.

బ్రాడీపేట 4/14: అయితే ఆ సగం, ఈ అడ్వాన్సు కలిపి ముందే చేతిలో పెట్టమనండి. జనరేటర్ ఎన్ని రాత్రులో కాగితం మీద రాయించుకోమనండి. ఒప్పుకుంటే చేయనివ్వండి. లేదంటే పొద్దున్నే శాతవాహన ఎక్కించేయండి.