మైన్‌క్రాఫ్ట్‌లో రెండో స్ట్రైడర్‌ని తెచ్చుకోవడం ఎలా?

మైన్‌క్రాఫ్ట్ ఆడేవాళ్లు ఎవరైనా కాస్త సాయం చేయండి. ఆటలోని నరకం లాంటి లోకం నెదర్‌లో, లావా మీద నడిచే స్ట్రైడర్ అనే జంతువు ఒకదానికి జీను వేసి, కర్రకు కట్టిన వార్ప్‌డ్ ఫంగస్ అనే పుట్టగొడుగుతో నడిపిస్తున్నాను. లావా మీద హాయిగా పోతుంది. గట్టెక్కితే మాత్రం రంగు మారి, చలికి వణుకుతూ నత్తలా కదులుతుంది, పాపం.

ఇప్పుడు దాని పిల్లలు కావాలి. రెండింటికీ వార్ప్‌డ్ ఫంగస్ తినిపించాలని, మళ్లీ జత కట్టించాలంటే 5 నిమిషాలు ఆగాలని, పిల్ల ఎదగడానికి 20 నిమిషాలు పడుతుందని తెలుసు. చిక్కంతా రెండోదాన్ని తేవడంలోనే. ఫంగస్ చూపిస్తే వెంట వస్తుంది, కానీ నేను గట్టు మీద, అది లావాలో. నిన్న దగ్గరికి పోబోయి కాలుజారాను. వజ్రాల కవచంతో సహా అంతా బూడిద! అగ్ని తగలకుండా కాపాడే పోషన్ చేసుకునే సామాను ఇంకా నా దగ్గర లేదు.

మొదటిదాని మీద కూర్చునే రెండోదానికి తాడు కట్టి లాక్కురావచ్చా? తెచ్చాక లావా మీదే కంచె కట్టాలా, గట్టు మీద గుంత తవ్వి లావా పోయాలా? జాంబిఫైడ్ పిగ్లిన్ (పంది మొహం జాంబీ) ఎక్కి తిరుగుతున్న స్ట్రైడర్ కూడా ఒకటి కనబడింది. దాని జీను మీద ఆశే గానీ, పిగ్లిన్‌ని ఒక్క దెబ్బ కొడితే చుట్టుపక్కలవన్నీ మీద పడతాయి కదా. ఎవరైనా చేసి చూశారా?