ఒక్కరోజు ఇంకా ట్రెయిల్: ఇదీ ట్రెక్కేనా, లేక రైలెక్కడానికి మొహమాటపడేవాళ్ళ కోసమా?

సందేహాల్రావు:
నేనూ మా ఆవిడా పెరూ వెళ్దామని టికెట్లు తీసుకున్నాం. ఇంకా సామ్రాజ్యం నాటి కొండ నగరం మాచు పిచ్చుకి నడిచి వెళ్ళాలని నా కోరిక, నడవకుండా వెళ్ళాలని ఆవిడ కోరిక. మధ్యేమార్గంగా షార్ట్ ఇంకా ట్రెయిల్ కనిపించింది. ఒల్లాంటాయ్‌టాంబోలో పొద్దున్నే రైలెక్కి, ఆ రైలు దారిలో 104వ కిలోమీటరు దగ్గర దిగాలి. అక్కడి నుంచి గైడ్‌తో ఓ 12 కిలోమీటర్ల నడక. దారిలో చాచబంబ, విన్యాయ్ వాయ్నా అనే రెండు పాత కట్టడాలు, ఆ తర్వాత ఇంతి పుంకు, అంటే సూర్యద్వారం. మధ్యాహ్నం దాటాక మాచు పిచ్చు. రాత్రికి కింద ఆగువాస్ కాలియెంటెస్ ఊళ్ళో హోటల్, మర్నాడు మళ్ళీ పైకెళ్ళి తీరిగ్గా చూడటం.

ఇదే దారి మొత్తం నాలుగు రోజులు నడిచొచ్చిన మా కొలీగ్‌కి ఈ సంగతి చెప్తే, "పెళ్ళికెళ్ళి భోజనం చెయ్యకుండా తాంబూలం పుచ్చుకొచ్చినట్టుంటుంది" అన్నాడు. అప్పట్నుంచీ మనసు పీకుతోంది. చేసినవాళ్ళు నిజం చెప్పండి. ఒక్కరోజు నడక దండగా? ఇంకోటి, గైడ్ లేకుండా వెళ్ళే దారే లేదా?

బూట్లరిగినవాడు:
మీ కొలీగ్ సరిగ్గా చెప్పాడు. నాలుగు రోజుల దారి 82వ కిలోమీటరు దగ్గర మొదలవుతుంది, మొత్తం దాదాపు 43 కిలోమీటర్లు. రెండో రోజు వార్మి వాన్యుస్కా అనే కనుమ ఎక్కాలి, 4,215 మీటర్లు. ఆ పేరుకి అర్థం చనిపోయిన స్త్రీ. దూరం నుంచి చూస్తే ఆ కొండ వరస పడుకున్న ఆడమనిషిలా ఉంటుందని ఆ పేరు. అక్కడ పది అడుగులు వేసి ఆగి ఊపిరి పీల్చుకుని మళ్ళీ పది అడుగులు. ఆ తర్వాత రుంకురకాయ్, సయక్‌మార్కా, ఫుయుపటమార్కా అనే పాత కట్టడాలు, ఒకదాని వెనక ఒకటి. ఎండిన లోయలో మొదలై, చెట్టు మొలవని చలి కొండలు దాటి, నాచు కారుతున్న మేఘాల అడవిలోకి దిగుతాం. నేలంతా మారిపోవడం కాళ్ళకి తెలుస్తుంది.

ఇదంతా వదిలేసి చివరి ముక్క మాత్రం నడిచి, "ఇంకా ట్రెయిల్ చేశాం" అని ఫోటో పెట్టడం నాకు నచ్చదు. అన్నట్టు, ఇంకా ట్రెయిల్ అనే పేరు తెలుగులోనే బాగా కుదిరింది. ఎంత నడిచినా గైడ్ "ఇంకా ఉంది, ఇంకా ఉంది" అంటూనే ఉంటాడు.

కొండమల్లి:
నేను షార్ట్ చేశాను, నాకేం మొహమాటం లేదు. బూట్లరిగినవాడు గారూ, మీరు చెప్పిన చివరి ముక్క ఎలా ఉంటుందో మీకూ తెలుసు. కాకపోతే మీరు దాన్ని నాలుగో రోజు, మూడు రాత్రులు టెంట్లో సరిగా నిద్రలేక, తెల్లవారకముందే లేచి నడిచారు. విన్యాయ్ వాయ్నా దగ్గర చెక్‌పోస్టు ఉదయం 5:30 ప్రాంతంలో తెరుస్తారని, దాని ముందు చీకట్లో హెడ్‌ల్యాంపులతో క్యూలో కూర్చుంటారు కదా. అంత కష్టపడి సూర్యద్వారానికి చేరితే చాలా రోజులు ఎదురుగా తెల్లటి పొగమంచు. నేను చేరింది మధ్యాహ్నం. మబ్బు విడిపోయింది, పొద్దున వచ్చిన జనం దిగిపోయారు. మాచు పిచ్చు మొత్తం అరచేతిలో పెట్టినట్టు కనిపించింది.

సందేహాల్రావు గారికి నడక ఎలా ఉంటుందో చెప్తాను. 104 దగ్గర ప్లాట్‌ఫారం లాంటిదేమీ ఉండదు. రైలు కాసేపు ఆగుతుంది, గబగబా దిగాలి. ఉరుబంబ నది మీద నడక వంతెన దాటితే చెక్‌పోస్టు, అక్కడ పర్మిట్టూ పాస్‌పోర్టూ కలిపి చూస్తారు. పక్కనే చాచబంబ. రాతి కాలువల్లోంచి నీళ్ళు వచ్చే స్నానఘట్టాలు, మధ్యలో తొలిచిన పెద్ద బండ. అక్కడి నుంచి దాదాపు మూడు గంటలు ఎక్కుడే ఎక్కుడు. నీడ తక్కువ, పక్కనే లోయ, అడుగున నదీ, బొమ్మ రైలూ. ఈ ముక్క నిజంగా కష్టం, తేలిక అని ఎవరైనా అంటే నమ్మకండి. జలపాతం చప్పుడు వినిపించిందంటే విన్యాయ్ వాయ్నా దగ్గరపడినట్టే.

విన్యాయ్ వాయ్నా అంటే అక్కడివాళ్ళ కెచువా భాషలో ఎప్పటికీ యవ్వనం అని. అదే పేరున్న ఆర్కిడ్ కూడా ఆ చుట్టుపక్కల పూస్తుంది. కొండ వంపు ఎలా తిరిగితే మెట్లుగా కట్టిన సాగు మడులు అలా తిరుగుతాయి, గొడుగు మడతల్లా. పైన కొన్ని ఇళ్ళు, కింద కొన్ని ఇళ్ళు, మధ్యలో మెట్ల పక్కనే నీటి తొట్లు ఒకదాని కిందొకటి. మేం వెళ్ళినప్పుడు మా గుంపు ఆరుగురం, ఇంకో ఇద్దరు, అంతే. మాచు పిచ్చులో ఒక గోడ పక్కన అలా ఒంటరిగా పది నిమిషాలు కూర్చోగలరా? నా మటుకు నాకు ఆ ట్రిప్పంతా ఆ అరగంటే.

రైలుబండి:
రైల్లో ఆగువాస్ కాలియెంటెస్ దాకా, అక్కడి నుంచి మెలికల రోడ్డు మీద బస్సులో అరగంట లోపు. కడుపులో చల్ల కదలకుండా నేనూ అదే మాచు పిచ్చు చూశాను. రాళ్ళు నన్ను "నడిచొచ్చావా, బస్సులో వచ్చావా" అని అడగలేదు.

బూట్లరిగినవాడు:
రైలుబండి గారితో నాకు పేచీ లేదు, ఆయన ట్రెక్ చేశానని చెప్పుకోవట్లేదు. పొగమంచు విషయంలో మాత్రం కొండమల్లి గారు నా గాయం మీద కారం చల్లారు. మేం ఇంతి పుంకు దగ్గర నలభై నిమిషాలు దేన్నీ చూడకుండా నిలబడ్డాం. ఆ పాయింటు మీకే.

సంచారి72:
షార్ట్ ట్రెక్‌లో అసలు సమస్య దూరం కాదు, టైం. మా అనుభవం వినండి. ఏజెన్సీ పేరు అనవసరం. మా గైడ్ పొద్దుట్నించీ వాచీ చూస్తూనే ఉన్నాడు. చాచబంబలో ఐదు నిమిషాలు. విన్యాయ్ వాయ్నాలో పై నుంచే ఫోటో, కిందికి దిగడానికి టైం లేదన్నాడు. మాలో ఒకావిడ మోకాలు నొప్పితో వెనకబడితే విసుక్కున్నాడు. తీరా మాచు పిచ్చులోకి వచ్చాక పైనుంచి చూపించి బస్సు దగ్గరికి నడిపించాడు. గైడ్‌ని తప్పనిసరి చేసినందువల్ల ఇదీ ఫలితం. ఎవరి వేగంతో వాళ్ళని నడవనిస్తే ఏం పోయింది? దారి ఒక్కటే, తప్పిపోవడానికి కూడా లేదు.

పాతరాళ్ళు:
సంచారి గారూ, చెడ్డ గైడ్ దొరకడం వేరు, గైడ్ ఉండకూడదనడం వేరు. 2001లో ఈ నిబంధనలు రాకముందు ఎవరు పడితే వాళ్ళు నడిచేవారు, ఎక్కడ పడితే అక్కడ టెంట్లు వేసేవారు, చెత్త సంగతి చెప్పక్కర్లేదు. ఇప్పుడు లైసెన్స్ ఉన్న గైడ్ లేకుండా గేటు దాటనివ్వరు. నాలుగు రోజుల దారికి రోజుకి 500 పర్మిట్లు, అందులోనే గైడ్లూ మోతగాళ్ళూ అందరూ, అంటే యాత్రికులకి మిగిలేవి 200 చిల్లర. షార్ట్‌కి 250, గైడ్లతో కలిపి. ఆ రాళ్ళు ఇంకా కదలకుండా ఉన్నాయంటే ఈ లెక్క వల్లే.

చరిత్ర సంగతి కూడా ఒకటి చెప్పాలి, ఇక్కడ కొందరు గైడ్‌తో వెళ్ళే చిన్న ట్రెక్‌ని తక్కువచేసి మాట్లాడుతున్నారు కాబట్టి. మాచు పిచ్చుని ప్రపంచానికి చూపించిన హైరం బింగ్‌హామ్ 1911 జులై 24న చేసింది సరిగ్గా అదే! నది ఒడ్డున బస చేసి, మెల్చోర్ ఆర్తెయాగా అనే స్థానిక రైతుకి ఒక సోల్ (పెరూ నాణెం) కూలి ఇచ్చి వెంట తీసుకెళ్ళాడు. పొద్దున బయల్దేరి మధ్యాహ్నానికి పైన ఉన్నాడు. పైన రెండు రైతు కుటుంబాలు ఆ పాత మడుల్లోనే సాగు చేసుకుంటున్నాయి. ఒక పిల్లవాడు ఆయన్ని శిథిలాల్లోకి నడిపించాడు. అంటే ఇద్దరు గైడ్లు, ఒక్క పూట నడక. "కనుక్కున్నాడు" అనే మాట నాకు ఎప్పుడూ మింగుడుపడదు. ఆయనకంటే ముందే, 1902లో, అగస్తీన్ లిసారాగా అనే స్థానికుడు అక్కడి గోడ మీద బొగ్గుతో పేరూ సంవత్సరమూ రాసి వెళ్ళాడు. (అలా రాయడం మంచి పని అని కాదు.)

సంచారి72:
బింగ్‌హామ్ గైడ్ వాచీ చూసుకుని ఉండడు లెండి. పర్మిట్ల లెక్క ఒప్పుకుంటాను. కానీ మంచి గైడ్ దొరుకుతాడని గ్యారంటీ ఏది?

కొండమల్లి:
గ్యారంటీ లేదు, ముందే అడగడం ఉంది. విన్యాయ్ వాయ్నాలో ఎంతసేపు ఆపుతారు, గుంపులో ఎంతమంది, నెమ్మదిగా నడిచేవాళ్ళ కోసం రెండో గైడ్ ఉంటాడా. ఈ మూడూ రాసి పంపమనండి. పొడిపొడిగా జవాబిచ్చినవాళ్ళని వదిలేయండి. మా గైడ్ ఊరు ఆ లోయలోనే, ఇంట్లో కెచువా మాట్లాడతాడు. మెట్ల మడి అడుగున పెద్ద రాళ్ళు, ఆ పైన గులకరాళ్ళు, ఇసుక, అన్నిటికన్నా పైన సారవంతమైన మట్టి వేశారనీ, అందుకే అన్ని వందల ఏళ్ళ వానలకి కూడా కొండ జారలేదనీ చూపించాడు. ఆయన చెప్పకపోతే నాకది వట్టి గడ్డి మెట్టు.

మోతబరువు:
అందరూ వదిలేసిన విషయం ఒకటుంది. నాలుగు రోజుల ట్రెక్ మీ కాళ్ళ మీద నడవదు, మోతగాళ్ళ వీపు మీద నడుస్తుంది. టెంట్లు, గ్యాసు, వంటసామాను, కుర్చీలు కూడా. చట్టప్రకారం మగవాళ్ళకి 20 కిలోలు, ఆడవాళ్ళకి 15 కిలోలు మించకూడదు, మొదటి చెక్‌పోస్టులో తూకం కూడా వేస్తారు. నేను చూసినంతలో తూకం అయ్యాక సామాను ఒకరి నుంచి ఒకరికి మారింది. మనం డే ప్యాకుతో ఆయాసపడే కనుమని వాళ్ళు ఆ బరువుతో మనకంటే ముందు దాటి, మనం చేరేసరికి వేడి సూపు తయారుగా ఉంచుతారు. షార్ట్‌లో ఈ గొడవే లేదు. ఎవరి నీళ్ళు, ఎవరి లంచ్ డబ్బా వాళ్ళే మోసుకుంటారు. "కష్టపడి చేరుకున్నాం" అనే మాట నాలుగు రోజులవాళ్ళకంటే ఒక్కరోజువాళ్ళకే ఎక్కువ తగుతుంది.

బూట్లరిగినవాడు:
ఈ మాటకి నేను సిగ్గుపడాలా? కొంచెం పడుతున్నాను. కానీ మా మోతగాళ్ళలో ఒకాయనతో గైడ్ సాయంతో మాట్లాడాను. పొలంలో వచ్చేది తిండికి సరిపోతుంది, పిల్లల చదువు ఈ మోత మీదే అన్నాడు. అందరూ "పాపం" అని షార్ట్‌కి వెళ్ళిపోతే ఆయన ఏం చెయ్యాలి? మంచి కూలీ, మంచి తిండి, పడుకోవడానికి సరైన టెంటు ఇచ్చే ఏజెన్సీని ఎంచుకోవడం దీనికి జవాబు. ఫిబ్రవరిలో ఎలాగూ ఆ దారి రిపేర్లకి మూసేస్తారు, ఆ నెల వాళ్ళకి ఆ ఆదాయం ఉండదు.

మోతబరువు:
ఎంచుకోమనడం సరే. కూలీ గురించి బుక్ చేసేముందు ఎంతమంది అడుగుతారు? మీరు అడిగారా?

బూట్లరిగినవాడు:
అడగలేదు. తిరిగొచ్చాక తెలిసింది అడగాలని.

మందులషాపు:
ఒక్క ముక్క. షార్ట్ అంటే తేలిక కదా అని, విమానం దిగే ఊరు కుస్కోలో దిగిన మర్నాడే పెట్టుకునేవాళ్ళు ఉన్నారు. కుస్కో ఎత్తు దాదాపు 3,400 మీటర్లు. షార్ట్ దారి 2,100 దగ్గర మొదలై 2,700 చిల్లర దాకా ఎక్కుతుంది, అంటే కుస్కో కంటే కిందే. తలనొప్పీ వికారమూ వచ్చేది ట్రెక్‌లో కంటే ముందు కుస్కోలోనే. విమానం దిగగానే లోయలోకి దిగిపోయి ఒల్లాంటాయ్‌టాంబోలో రెండు రాత్రులు ఉండండి, శరీరానికి సుఖం. నాలుగు రోజుల దారికైతే ఇది చాలదు, 4,215కి అలవాటు పడాలి. యాభై దాటినవాళ్ళకి, బీపీ ఉన్నవాళ్ళకి నేను షార్టే చెప్తాను, బయల్దేరేముందు డాక్టర్ని కలవమని కూడా.

రైలుబండి:
రైలే చాలని నేనన్నా, ఒకటి ఒప్పుకోవాలి. 2010 జనవరిలో వరదకి పట్టాలు కొట్టుకుపోయి వేలమంది కింద ఊళ్ళో ఇరుక్కుపోతే హెలికాప్టర్లలో తరలించారు. నడిచొచ్చినవాళ్ళు కూడా చాలామంది వెనక్కి రైల్లోనే వెళ్తారు కాబట్టి వానల్లో ప్లాన్ పెట్టుకునేవాళ్ళు ఒకటి రెండు రోజులు చేతిలో ఉంచుకోండి. మే నుంచి సెప్టెంబరు మధ్య అయితే ఈ టెన్షన్ తక్కువ, జనం ఎక్కువ.

సందేహాల్రావు:
అందరికీ థాంక్స్. ఈ థ్రెడ్ మొత్తం మా ఆవిడకి చదివి వినిపించాను. నాలుగు రోజులు అనగానే "మీరెళ్ళిరండి, నేను హోటల్లో ఉంటా" అంది. మోతగాళ్ళ గురించి విన్నాక, "నా కుర్చీ ఇంకొకరి చేత మోయించుకుని కొండెక్కడమెందుకు, ఎక్కగలిగినంతే ఎక్కుదాం" అంది. విన్యాయ్ వాయ్నా మడుల దగ్గర కొంచెం ఆసక్తి కూడా కనబడింది. కాబట్టి షార్టే. కొండమల్లి గారు చెప్పిన మూడు ప్రశ్నలు ఇద్దరు ఏజెన్సీలవాళ్ళకి పంపాను, గైడ్ మీద సంచారి గారి కోపం గుర్తుపెట్టుకుని నాలుగోది కూడా కలిపాను: బస్సు టైం కోసం తొందరపెడతారా అని. ఒకరు ఇంకా జవాబివ్వలేదు.

ఆవిడ అడగమన్న ప్రశ్న ఒకటి మిగిలింది. సూర్యద్వారానికి ముందు నిచ్చెనలాంటి మెట్లు ఉంటాయట, నిజమేనా?

కొండమల్లి:
నిజమే, ఓ యాభై ఉంటాయి. చేతులు కూడా వాడాల్సొస్తుంది, కర్రలు మడిచి బ్యాగులో పెట్టమనండి. కర్రల కింద రబ్బరు తొడుగులు ఉన్నాయో లేదో ఇప్పుడే చూసుకోండి, లేకపోతే వాటిని గేటు దగ్గరే ఆపేస్తారు. ఇంకో మాట, పర్మిట్ మీద వేసేది పాస్‌పోర్టు నంబరు. ఈలోపు ఎవరిదైనా రెన్యూవల్ ఉంటే పాతదీ కొత్తదీ రెండూ తీసుకెళ్ళండి.

సందేహాల్రావు:
ఆవిడది నవంబరులో అయిపోతోంది. చూడండి, అది నాకు తట్టనేలేదు.