స్కైరిమ్: మాడ్స్ లేకుండా బ్రెటన్ అమ్మాయి ముఖం కుదరడం లేదు

పీఎస్4లో స్కైరిమ్ స్పెషల్ ఎడిషన్ గేమ్ ఆడుతున్నా. మాడ్స్ (గేమ్‌ని మార్చే అదనపు ఫైళ్లు) వేస్తే ట్రోఫీలు రావు, అందుకే వాటి జోలికి పోను. బ్రెటన్ (గేమ్‌లో ఒక జాతి) అమ్మాయిని చేశా. క్యారెక్టర్ క్రియేషన్ స్క్రీన్‌లో ఎదురుగా చూస్తే చక్కగానే ఉంది. ఆట మొదట్లో వచ్చే హెల్గెన్ గుహ దాటి ఎండలోకి రాగానే బుగ్గల కింద నల్లటి నీడలు. పక్క నుంచి చూస్తే గడ్డం ముందుకు పొడుచుకొచ్చి, వారం జ్వరంతో పడి లేచినట్టుంది.

డర్ట్ (ముఖం మీద మురికి) పూర్తిగా తీసేశా. కాంప్లెక్షన్ (చర్మం తీరు), లోయర్ ఐ సాకెట్ కలర్ (కంటి కింది రంగు) మార్చి చూశా. దవడ సన్నం చేస్తే గడ్డం ఇంకా కోసుగా తేలుతోంది. బరువు స్లైడర్‌తో ఒళ్లు మారుతోంది, ముఖం కాదు. గేమ్‌లోని రిఫ్టెన్ ఊళ్లో ముఖం మార్చే ఆవిడేమో ప్రతిసారీ 1000 గోల్డ్ గుంజుతోంది, ఊరికే ప్రయోగాలు చేయలేను.

పక్క నుంచి కూడా బాగుండాలంటే బ్రెటన్‌కి దవడ, గడ్డం, బుగ్గ ఎముకల స్లైడర్లు ఎంతెంతలో పెట్టాలి?