మామ్మకు అందని ఎడమవైపును తెరమీద చూపడం ఎలా?

ప్రశ్న:
మెదడు కుడివైపు దెబ్బతిని పక్షవాతం వచ్చినప్పటి నుంచి మా మామ్మకు ఎడమవైపు అనేదే లేకుండా పోయింది. కంచంలో కుడి సగం అన్నం మాత్రమే తిని మళ్ళీ వడ్డించమంటారు. కంచాన్ని అటుది ఇటు తిప్పితే మిగిలినదీ తింటారు. సాయంత్రం చక్రాల కుర్చీలో విశాఖ బీచ్ రోడ్డు మీద కాళీమాత గుడి నుంచి సబ్‌మెరైన్ మ్యూజియం వైపు తీసుకువెళ్తే కుడివైపున్న అలలను చూసి మురిసిపోతారు, తిరిగివచ్చేటప్పుడు మాత్రం "సముద్రమేటైపోనాదిరా?" అని అడుగుతారు. దీనిపై పది నిమిషాల ప్రయోగాత్మక చిత్రం తీస్తున్నాను. ఫ్రేములో ఎడమ సగాన్ని నలుపు చేసి చూస్తే, కిటికీకి సగం తెర కట్టినట్టు ఉందే తప్ప మామ్మ అనుభవంలా లేదు. ఏం చేయాలి?

మొదటి జవాబు:
నలుపు కూడా కంటికి కనిపించేదే కాబట్టి అది ఇక్కడ పనికిరాదు. మనందరి కళ్ళలోనూ అంధచుక్క, అంటే చూపు లేని చిన్న చోటు, ఉంది, అయినా ఒక కన్ను మూసుకున్నప్పుడు సైతం ఎదుట చిల్లు కనిపించదు. మామ్మగారి లోపం చూపుది కాదు, ధ్యాసది. 1978లో బిసియాక్, లుజాటి అనే పరిశోధకులు ఇలాంటి రోగులను ఇటలీలోని మిలాన్ కెథడ్రల్ (పెద్ద చర్చి) ముందున్న మైదానాన్ని ఊహించుకుని వర్ణించమన్నారు. కెథడ్రల్‌కు ఎదురుగా నిలబడినట్టు ఊహించుకున్నప్పుడు కుడివైపు భవనాలనే చెప్పిన ఆ రోగులు, కెథడ్రల్ దగ్గరే నిలబడి మైదానం వైపు చూస్తున్నట్టు ఊహించుకోమనగానే అంతకుముందు వదిలేసినవాటిని చెప్పి, చెప్పినవాటిని వదిలేశారు. మీ బీచ్ రోడ్డు నడక అచ్చంగా ఇదే. అందుచేత ఎడమవైపును చెరపకండి. కదలికనూ శబ్దాన్నీ కుడివైపే నింపితే ప్రేక్షకుడే ఎడమవైపును మరచిపోతాడు. తరువాత అదే షాట్‌ను అద్దంలోలా తిప్పి చూపండి.

రెండవ జవాబు:
షాట్‌ను తిప్పితే దుకాణాల బోర్డుల మీది అక్షరాలు కుడిఎడమలు తారుమారై గుట్టు బయటపడుతుంది, కెమెరానే తిప్పండి. 1926లో సోవియట్ దర్శకుడు పుడోవ్కిన్, శాస్త్రవేత్త పావ్లోవ్ ప్రయోగాలను చిత్రించి మెదడు పనిని బయటి నుంచి చూపాడు. 1966లో అమెరికన్ ప్రయోగాత్మక చిత్రకారుడు టోనీ కాన్రాడ్ నలుపు, తెలుపు ఫ్రేములను మార్చిమార్చి వేస్తే, ఫిల్ములో లేని రంగులు ప్రేక్షకులకు కనిపించాయి. మీరు వెళ్ళవలసిన దారి ప్రేక్షకుడి మెదడుతోనే పని చేయించే ఈ రెండవదే, కానీ మిణుకు వెలుగు జోలికి వెళ్ళవద్దు: కొందరికి దానివల్ల మూర్ఛ వస్తుంది.

ప్రశ్న అడిగినవారు:
ఇద్దరికీ కృతజ్ఞతలు. నిన్న కంచాన్ని పైనుంచి తీశాను, తిప్పే చేయి ఎక్కడా పడకుండా కత్తిరించాను. చూసిన మా చెల్లి "అన్నం మళ్ళీ ఎవరు వడ్డించారు?" అని అడిగింది.